విగ్రహాలు, గోడ బొమ్మలు, మన జనం: అనంతపురంలో తరచుగా అడిగే ప్రశ్నలు

సర్కిల్లో కొత్త విగ్రహం లేచినా, కాలేజీ ప్రహరీకి రంగులు పడినా అనంతపురంలో నాలుగు రోజులు అదే ముచ్చట. టీ అంగళ్ల దగ్గర, ఆటో స్టాండుల్లో, వాట్సాప్ గ్రూపుల్లో మళ్లీ మళ్లీ వినబడే ప్రశ్నలను ఇక్కడ ఒకచోట చేర్చాను. చట్టం ఉన్నచోట చట్టం చెప్పాను. మిగతా చోట్ల నా అభిప్రాయం దాచుకోలేదు.

పబ్లిక్ ఆర్ట్ అంటే విగ్రహాలేనా?

విగ్రహాలొక్కటే కాదు. టికెట్ కొనకుండా, ఎవరినీ అడక్కుండా, దారిన పోయే వాళ్లందరూ చూడగలిగే చోట పెట్టిన కళ ఏదైనా ఇందులోకి వస్తుంది. ఫ్లైఓవర్ స్తంభాల మీద వేసిన బొమ్మలు, పార్కులో పాత ఇనుముతో చేసిన నెమలి, సర్కిల్ నడుమ ఫౌంటెన్, బడి గోడ మీది గ్రహాల పటం కూడా. గర్భగుడిలో పూజలందుకునే మూలవిరాట్టును ఈ లెక్కలో కలపలేం. లేపాక్షిలో గుడికి దూరంగా, రోడ్డు పక్కన కూర్చున్న నందిని మాత్రం కలపొచ్చనే నేను అంటాను.

మన దగ్గర అలాంటివి ఏమున్నాయి?

ఊరి నడిబొడ్డున టవర్ క్లాక్ ఉంది. స్వాతంత్ర్యానికి గుర్తుగా కట్టిన ఈ గడియార స్తంభం గురించి ఊళ్లో ఒక లెక్క చెప్పుకుంటారు: వెడల్పు 15 అడుగులు, ముఖాలు 8, ఎత్తు 47 అడుగులు, అంటే 15-8-47 అని. టేపు పట్టుకుని కొలిచినవాళ్లు ఎవరూ నాకు తగల్లేదు గానీ, ఆ లెక్క చెప్పేటప్పుడు పెద్దవాళ్ల ముఖంలో కనబడే సంతోషం చూడాల్సిందే. పుట్టపర్తిలో స్టేడియం పైన కొండ మీద హనుమంతుడు, కృష్ణుడు, శివుడు, బుద్ధుడు, ఏసు ఒకే వరసలో కనబడతారు. ఇక ఏ మండలానికి పోయినా అంబేద్కర్, గాంధీ, రాజకీయ నాయకుల విగ్రహాలు ఎలాగూ ఉంటాయి.

2022 ఏప్రిల్‌లో జిల్లా విడిపోయాక లేపాక్షి, పుట్టపర్తి, నిమ్మలకుంట శ్రీ సత్యసాయి జిల్లాలోకి వెళ్లాయి. ఇక్కడ పాత జిల్లా అనుకునే రాశాను.

అసలు జనం వీటిని చూస్తారా?

నిలబడి చూసేవాళ్లు తక్కువ. వాడుకునేవాళ్లు ఎక్కువ. "యాడ దిగాల?" అంటే "టవర్ క్లాక్ కాడ" అంటారు. విగ్రహం మొదట చేసే పని అడ్రస్ చెప్పడం. ఆ తర్వాత మిగతా పనులు తగులుకుంటాయి. పొద్దున కూలీలు విగ్రహం దిమ్మె నీడలో కూర్చుని పనికి పిలిచేవాళ్ల కోసం చూస్తారు. ధర్నా చేసేవాళ్లు వినతిపత్రం ఇవ్వాల్సిన ఆఫీసరు దొరక్కపోతే అంబేద్కర్ విగ్రహానికే ఇచ్చి వస్తారు. జయంతి రోజు నీళ్లతో కడిగి, దండ వేసి, ఫొటో దిగి పోతారు. పార్టీవాళ్లకు సంతోషం వస్తే పాలాభిషేకం.

ఆర్ట్ గురించి రాసేవాళ్లు దీన్ని పట్టించుకోరు. బొమ్మ ముందు నిలబడి తల ఒక పక్కకు వంచి చూసినవాడే ప్రేక్షకుడని వాళ్ల నమ్మకం. నాకైతే విగ్రహానికి వినతిపత్రం ఇవ్వడం కన్నా పెద్ద స్పందన ఏముంటుందో తెలియదు. ఆ కంచు మనిషి ఇంకా తమ తరఫున ఉన్నాడని నమ్మితేనే కదా కాగితం తెచ్చి ఆయన కాళ్ల దగ్గర పెడతారు.

గోడ బొమ్మల సంగతి వేరు. సాయంత్రం పూట కొత్తగా రంగులు వేసిన గోడ ఎదురుగా కాసేపు నిలబడి చూడండి. ఒక తల్లి చంటిదాన్ని నెమలి పక్కన నిలబెట్టి ఫోన్లో ఫొటో తీస్తుంది. ఇంటర్ పిల్లలు రెక్కల బొమ్మ నడుమ నిలబడి చేతులు చాపుతారు. ఒకాయన బండి సరిగ్గా రైతు బొమ్మ ముఖానికి అడ్డంగా పెట్టి మందుల షాపులోకి పోతాడు. ఇంకొకాయన ఆగి, రైతు చేతిలోని నాగలి వంక చూసి, "మేడి తోక ఇట్లుంటాదా ఎక్కడన్నా?" అని గొణుక్కుంటూ పోతాడు. వీళ్లందరిలో బొమ్మను నిజంగా చూసింది ఆ చివరాయనే.

కొత్త విగ్రహం చూడగానే "పోలిక లేదు" అంటారెందుకు?

చాలాసార్లు నిజంగానే ఉండదు కాబట్టి. మనవాళ్లకు విగ్రహం అంటే మనిషి పోలిక. బట్ట మడతలు ఎంత బాగా చెక్కినా, ముఖం తేడా వస్తే అంతే సంగతులు. ఇది మన ఒక్కరి చాదస్తం కాదు. 2017లో పోర్చుగల్‌లోని మదీరా విమానాశ్రయంలో ఫుట్‌బాల్ ఆటగాడు రొనాల్డో కంచు ముఖాన్ని ఆవిష్కరిస్తే ప్రపంచమంతా నవ్వింది. మరుసటి ఏడాది దాన్ని తీసి వేరేది పెట్టారు.

తప్పు వెతికే అలవాటు కూడా పాతదే. మన సీడెడ్ జిల్లాలకు, అంటే దాదాపు ఇప్పటి రాయలసీమకు, మొదటి కలెక్టరుగా పనిచేసి, 1827లో పత్తికొండలో కలరాతో చనిపోయిన సర్ థామస్ మన్రోకు చెన్నైలో గుర్రం మీద కూర్చున్న కంచు విగ్రహం ఉంది. 1839లో పెట్టారు. గుర్రానికి జీను లేదు, కాళ్లు పెట్టుకునే రికాబులూ లేవు. శిల్పి మరిచిపోయాడని, అది తెలిశాక ప్రాణం తీసుకున్నాడని కథ అల్లేశారు. ఆ శిల్పి చాంట్రీ 1841 దాకా బతికే ఉన్నాడు.

విగ్రహం చేయించే కమిటీలకు ఒక మాట. శిల్పి ముందు మట్టితో నమూనా చేస్తాడు. దాని మీద అచ్చు తీసి, తర్వాత కంచో ఫైబరో పోస్తాడు. ముక్కు సరిదిద్దాలన్నా, దవడ తగ్గించాలన్నా మట్టి దశలోనే వీలు. ఆ వేళకు ఆ మనిషిని దగ్గరగా ఎరిగిన ఇద్దరు ముగ్గురిని, ముఖ్యంగా ఇంటి ఆడవాళ్లను తీసుకెళ్లి చూపించండి. ఒక్కటే ఫొటో ఇచ్చి ఊరుకోవద్దు, పక్క నుంచి తీసినవి కూడా ఇవ్వండి. ఎత్తైన దిమ్మె మీద పెట్టేదైతే కింద నుంచి చూసేటప్పుడు తల చిన్నదిగా కనబడుతుంది. అందుకే మంచి శిల్పులు తలను కొంచెం పెద్దగా చేస్తారు. నమూనాను నేల మీద చూసి "తల పెద్దదైంది" అని గొడవ పడకండి.

లేపాక్షి నందిని మాత్రం వంక పెట్టేవాళ్లు ఎందుకు లేరు?

ఒకే రాతిలో చెక్కిన నంది, దాదాపు 27 అడుగుల పొడవు, 15 అడుగుల ఎత్తు. సైజు ఒక కారణం. అసలు కారణం, అది ప్రతి రైతుకూ తెలిసిన జంతువు. మెడలో గంటల పట్టీ, గంగడోలు మీదికి జారే దండ, పైకెత్తిన మోర, ఇవన్నీ చూసి మెచ్చుకోవడానికి చదువు అక్కర్లేదు. పశువుల సంతలో ఎద్దు చుట్టూ తిరిగి చూసే కళ్లతోనే పల్లె జనం దీని చుట్టూ తిరుగుతారు. మూపురం మీద చెయ్యి వెయ్యాలనిపిస్తుంది, అందదు.

ఇంకో సంగతి. ఈ నంది అక్కడే కూర్చుని ఉండలేదు, జనం ఇళ్లలోకి నడిచి వచ్చింది. రాష్ట్ర ప్రభుత్వ సినిమా పురస్కారాలకు నంది పేరు దీని వల్లే వచ్చింది. ప్రభుత్వ హస్తకళల దుకాణాలకు లేపాక్షి అని పేరు. గుడి వెనక మండపం స్తంభాల మీది లతలు, చిలకలు, హంసలు చీరల అంచుల్లోకి ఎక్కాయి. వీరభద్రాలయం, నంది కలిపి 2022లో యునెస్కో ప్రపంచ వారసత్వ తాత్కాలిక జాబితాలో చేరాయి. చీర అంచుల్లోకి ఎక్కడమే పెద్ద గౌరవమని నా ఉద్దేశం.

అర్థం కాని బొమ్మలు పెడితే ఎట్లా? "ఏందప్పా ఇది?" అని అడిగితే ఏం చెప్పాలి?

అడగనివ్వండి. అడిగిన వాడిని "నీకు ఆర్ట్ తెలీదు" అని కసరడమే తప్పు. న్యూయార్క్‌లో 1981లో రిచర్డ్ సెరా అనే శిల్పి ఒక ప్రభుత్వ ఆఫీసు ముందున్న ఆవరణలో 120 అడుగుల ఇనుప గోడ నిలబెట్టాడు. రోజూ ఆ దారిన నడిచే ఉద్యోగులు చుట్టూ తిరిగి పోవాల్సి వచ్చింది. పిటిషన్లు, బహిరంగ విచారణ, కోర్టు అన్నీ అయ్యి 1989లో దాన్ని ముక్కలు చేసి తీసుకుపోయారు. దానికి ఎదురు కథ వాషింగ్టన్‌లో ఉంది. వియత్నాం యుద్ధంలో చనిపోయినవాళ్ల పేర్లు చెక్కిన నల్లరాతి గోడ 1982లో పెట్టేముందు దాన్ని తిట్టనివాళ్లు లేరు. సైనికుడి బొమ్మ లేదు, జెండా లేదు, ఇదేం స్మారకం అన్నారు. తర్వాత అదే గోడ దగ్గర జనం తమవాళ్ల పేరు వెతుక్కుని, దాని మీద కాగితం పెట్టి పెన్సిల్‌తో రుద్ది తీసుకుపోవడం మొదలుపెట్టారు.

రెండింటిలోనూ మనిషి రూపం లేదు. ఒకటి దారికి అడ్డం వచ్చింది, ఒకటి చేత్తో తాకే పని ఇచ్చింది. అనంతపురంలో కొత్త తరహా బొమ్మ పెట్టాలనుకునే ఆర్టిస్టులు ఈ తేడా గమనిస్తే చాలు. అర్థం కాకపోయినా మనవాళ్లు సర్దుకుంటారు. నడిచే దారి పోతే మాత్రం సర్దుకోరు.

తాగడానికి నీళ్లు లేని జిల్లాలో బొమ్మలకు డబ్బులెందుకు?

ఏడాదికి 550 మిల్లీమీటర్ల చుట్టూ వాన పడే చోట ఈ ప్రశ్న రాకపోతేనే వింత. "ఏందప్పా ఇది?" తర్వాత మనవాళ్ల రెండో ప్రశ్న ఎప్పుడూ "ఎంతయ్యిందంట?"

ఈ ప్రశ్న లేపాక్షి అంత పాతది. 16వ శతాబ్దంలో అచ్యుతదేవరాయల కాలంలో విరూపణ్ణ, వీరణ్ణ అనే అన్నదమ్ములు ఆ గుడి కట్టించారు. ఖజానా చూసే విరూపణ్ణ రాజు అనుమతి లేకుండా సొమ్మంతా గుడికి పెట్టాడని ఫిర్యాదు పోయిందట. రాజు కళ్లు తీయించమన్నాడని, విరూపణ్ణ తన కళ్లు తానే పీకి గోడకు కొట్టాడని కథ. గోడ మీది ఎర్రటి మరకలు చూపించి గైడ్లు ఇప్పటికీ అదే చెబుతారు. కథలో నిజమెంతైనా, ఒక కళాఖండం పక్కనే దాని ఆడిట్ అభ్యంతరాన్ని కూడా ఇన్ని వందల ఏళ్లు గుర్తుపెట్టుకున్న జనం మనం. రాజు గెలిచాడో విరూపణ్ణ గెలిచాడో ఆ కథ తేల్చదు. కల్యాణ మండపం మాత్రం సగంలోనే ఆగిపోయింది, ఇప్పటికీ అట్లాగే ఉంది.

నా జవాబు చిన్నది: ఖర్చు ఎంతో పలక మీద రాయండి. దాచినప్పుడే అంకె పది రెట్లు పెరుగుతుంది.

రోడ్డు మీద విగ్రహం పెట్టడానికి అనుమతి ఎవరిస్తారు?

రోడ్డు మీద, ఫుట్‌పాత్ మీద, జనం వాడుకునే స్థలాల్లో కొత్త విగ్రహాలకు అనుమతి ఇవ్వొద్దని సుప్రీంకోర్టు 2013 జనవరి 18న రాష్ట్రాలను ఆదేశించింది. వీధి దీపాలు, ట్రాఫిక్, సుందరీకరణ లాంటి పనులకు మాత్రం వెసులుబాటు ఉంది. అయినా కొన్ని విగ్రహాలు రాత్రికి రాత్రే ఎట్లా లేస్తాయని అడుగుతారు. పెట్టడం తేలిక, తీయడానికి వచ్చిన ఆఫీసరుకే టెన్షన్. అందుకే.

విగ్రహానికి నెలల తరబడి ముసుగు ఎందుకు ఉంటుంది?

రెండు కారణాలు. ఒకటి, ఆవిష్కరించాల్సిన పెద్ద నాయకుడి డేట్ దొరకదు. రెండు, ఎన్నికల కోడ్ వస్తే రాజకీయ నాయకుల విగ్రహాలకు గుడ్డ చుడతారు.

గోడ బొమ్మల మీద ఉమ్ముతారు, పోస్టర్లు అంటిస్తారు. ఏం చెయ్యాలి?

చాలామంది చెప్పే మందు దేవుళ్ల బొమ్మలు వెయ్యడం. మూడు మతాల దేవుళ్ల టైల్స్ అంటించిన గోడలు ఎన్నో చూశాం. కొంతవరకు పనిచేస్తుంది. నాకు ఆ పద్ధతి నచ్చదు. మూత్రం పోయకుండా కాపలా పెట్టడానికా దేవుణ్ణి పిలిచేది? పైగా పక్కనే మరుగుదొడ్డి లేకపోతే జనం దేవుడి బొమ్మ అయిపోయిన చోట నిలబడతారు, అంతే తేడా.

మచ్చలు ఎక్కువగా పడేది నేల నుంచి మోకాలి ఎత్తు దాకా. అక్కడ ముదురు గోధుమ రంగు పట్టీ వేసి, అసలు బొమ్మ పైన మొదలుపెట్టమని అనుభవమున్న పెయింటర్లు చెబుతారు. పోస్టర్ల విషయానికి, బహిరంగ స్థలాలను వికారం చేయడాన్ని నిషేధిస్తూ ఉమ్మడి రాష్ట్రంలో 1997లోనే చట్టం వచ్చింది. ఆ చట్టం సంగతి తెలియనివాళ్లు ఎవరో పోస్టర్ల మీది ముఖాలు చూస్తేనే తెలుస్తుంది.

రంగులు ఏడాదికే వెలిసిపోతాయి, ఎందుకని?

మన ఎండ. పడమర ముఖం గోడలైతే మరీ ఘోరం. దానికి తోడు ప్రైమర్ కొట్టకుండా, తడి ఆరని సిమెంటు మీద రంగులు వేస్తే పొరలు పొరలుగా లేస్తుంది. ముందుగా పోయేవి కళ్లు చెదిరే గులాబీ, ఎరుపు. ఎర్రమట్టి, కావి, పసుపు మట్టి లాంటి ఖనిజ రంగులు ఎక్కువ నిలుస్తాయి. లేపాక్షి మండపం కప్పు మీది చిత్రాల్లో కనబడేవి కూడా ఎక్కువగా ఆ మట్టి రంగులే. వాటికి నీడ కూడా ఉంది. బయట వాడే ఎమల్షన్ కొని, కావి వైపు మొగ్గండి.

మన తోలుబొమ్మలను గోడల మీద ఎందుకు వెయ్యరు?

వేస్తున్నారు. స్టేషన్లలో, ఆఫీసు గోడల మీద ఆ రాముడు, ఆ హనుమంతుడు కనబడుతూనే ఉంటారు. నాకు అసంతృప్తి అక్కడే ఉంది. ధర్మవరం దగ్గరి నిమ్మలకుంటలో బొమ్మ చేసేటప్పుడు చూసినవాళ్లకు తెలుస్తుంది. మేక తోలును శుభ్రం చేసి, దీపం వెలుగు అవతలికి కనబడేంత పలచన చేస్తారు. దాని మీద గీసి, నగల చోట చిన్న ఉలితో టకటకా కొడుతూ వందల రంధ్రాలు పెడతారు. రంగు వేసేది ఆ తర్వాత. తెర వెనక దీపం పెడితే రంధ్రాల్లోంచి వచ్చే వెలుగే హారం, వెలుగే కిరీటం. ఆ బొమ్మను సిమెంటు గోడ మీద పెయింటుతో దించితే గీతలు వస్తాయి, వెలుగు రాదు.

అదే పని ఇనుప రేకుకు రంధ్రాలు కొట్టించి, వెనక లైటు పెట్టి బస్టాండులో నిలబెడితే? డ్రాయింగ్ నిమ్మలకుంట కళాకారుల దగ్గరే తీసుకుని, డబ్బు వాళ్లకే ఇచ్చి. ఆంధ్రప్రదేశ్ తోలుబొమ్మలకు భౌగోళిక గుర్తింపు (జీఐ ట్యాగ్) ఉంది. నిమ్మలకుంటకు చెందిన దళవాయి చలపతిరావుకు 2020లో పద్మశ్రీ వచ్చింది. ఆటలు తగ్గాక ఆ ఊరివాళ్లు ల్యాంప్ షేడ్లు చేసి బతుకుతున్నారు. లైటుతో పనిచేయడం వాళ్లకు ఒకరు నేర్పాలా?

విగ్రహం ఫొటో తీసి క్యాలెండర్‌లో వేసుకోవచ్చా?

బహిరంగ స్థలంలో శాశ్వతంగా ఉన్న శిల్పాన్ని ఫొటో తీయడం, ప్రచురించడం 1957 కాపీరైట్ చట్టం ప్రకారం ఉల్లంఘన కాదు. గోడ మీది పెయింటింగ్‌కు ఈ మినహాయింపు అంత స్పష్టంగా లేదు. వ్యాపారానికి వాడేటట్లయితే ఆర్టిస్టును అడిగి వాడండి.

శిలాఫలకం మీద ఆర్టిస్టు పేరు ఎందుకు ఉండదు?

ఆవిష్కరించిన వారు, అధ్యక్షత వహించిన వారు, గౌరవ అతిథులు, సభ్యులు అయ్యేసరికి రాయి అయిపోతుంది. ఇది మర్యాద లోపమే కాదు, హక్కు సమస్య కూడా. అదే కాపీరైట్ చట్టం 57వ సెక్షన్ ప్రకారం, పని అమ్మేసినా అది తనదని చెప్పుకునే హక్కు కళాకారుడికే ఉంటుంది. ఢిల్లీ విజ్ఞాన్ భవన్‌లో గోడకున్న అమర్‌నాథ్ సెహగల్ కంచు శిల్పాన్ని 1979లో పీకి గోడౌన్లో పడేస్తే, ఆయన కోర్టుకెక్కాడు. 2005లో ఢిల్లీ హైకోర్టు మిగిలిన ముక్కలు ఆయనకు తిరిగి ఇవ్వమని, 5 లక్షల రూపాయలు పరిహారం కట్టమని తీర్పు చెప్పింది. మన ఊళ్లో గోడలకు సున్నం కొట్టేముందు ఈ సంగతి ఒకసారి గుర్తు తెచ్చుకుంటే మంచిది.

విగ్రహాన్ని ఎవరైనా పాడు చేసినట్లు కనిపిస్తే?

112కు ఫోన్ చెయ్యండి. ఫొటో పోలీసులకు చూపించండి, గ్రూపుల్లో పెట్టొద్దు. మీరే కడగబోకండి, ఆధారాలు పోతాయి. ప్రభుత్వ ఆస్తి అయితే 1984 నాటి చట్టం వర్తిస్తుంది. కేంద్ర పురావస్తు శాఖ రక్షణలో ఉన్న కట్టడమైతే రెండేళ్ల దాకా జైలు, లక్ష రూపాయల దాకా జరిమానా ఉంటాయి. లేపాక్షి గోడ మీద ప్రేయసి పేరు గీకే వీరులకు కూడా ఇదే శిక్ష.

పిల్లలు బొమ్మల మీదికి ఎక్కితే?

ఎక్కడానికి వీలున్నది ఏదైనా ఎక్కుతారు. అంచులు మొద్దుగా ఉండేలా, పునాది గట్టిగా ఉండేలా చేయించండి. ఎక్కకూడని పాత శిల్పమైతే తల్లిదండ్రులే దింపాలి, ఫొటో తీసుకున్నాక కాదు, ముందే.

మా కాలనీలో ఒక గోడకు బొమ్మ వేయించాలని ఉంది. ఎక్కడ మొదలుపెట్టాలి?

గోడ ఎవరిదో తేల్చుకోండి, వాళ్ల దగ్గర కాగితం మీద అనుమతి తీసుకోండి. మున్సిపాలిటీ గోడ అయితే అర్జీ పెట్టి రసీదు దాచుకోండి. తర్వాత డ్రాయింగ్‌ను పెద్దగా ప్రింట్ తీయించి, కాలనీ టీ అంగట్లో వారం రోజులు తగిలించండి. మీటింగ్ పెడితే నలుగురే వస్తారు, వాళ్లూ బాగుందనే అంటారు. టీ అంగట్లో మాత్రం ఉగ్గాని బజ్జీ తింటూ ప్రతి ఒక్కరూ ఒక వంక పెడతారు. ఎద్దు కొమ్ము తిరిగిన తీరు, పంచె కట్టు, కడవ నెత్తిన పెట్టుకున్న పద్ధతి, ఏదీ వదలరు. పెయింటర్‌ను కూడా ఒక పూట అక్కడే కూర్చోబెట్టండి. ఆయన టీ డబ్బులు మీరివ్వండి.

చుట్టూ ఇనుప కంచె పెట్టేటట్లయితే తాళం చెవి ఎవరి దగ్గర ఉంటుందో ముందే రాసి పెట్టుకోండి. జయంతి రోజు పొద్దున దండ పట్టుకుని నిలబడి, తాళం చెవి ఉన్నాయన బెంగళూరు పోయాడని తెలుసుకునే కమిటీలు మన జిల్లాలో చాలానే ఉన్నాయి.